ఏడో చిలక కాలు

నాయన పోయిన పదహారో నాడు, చుట్టాలంతా బస్సులెక్కి పోయినాక, మా తమ్ముడు ఆయన ట్రంకు పెట్టె తెచ్చి నా ముందర పెట్టినాడు. "నువ్వే చూడక్కా, నాకు చాతకాదు" అని బయటికి పోయి అరుగు మీద కూర్చున్నాడు. మగ్గపాయన పెట్టెలో ఏముంటాది? రెండు పంచెలు, రాములోరి పటం, కండ్లద్దాలు, ఎండిపోయిన వక్కలు, అరిగిపోయిన నాడె ఒకటి. అడుగున పాత తువ్వాల్లో చుట్టి ఒక అట్ట ఉండాది. మూరెడు పొడుగు, మూడు వేళ్ల వెడల్పు, నిండా బొక్కలు. అంచున పెన్సిలుతో నాయన రాత: "నూటా పద్నాలుగు తర్వాత". ఆ ముక్క రెండుసార్లు చదివినా. ఈ అట్ట ఆయన కొట్టినాడని నాకు తెలీదు. ఇన్నేండ్లు దాచిపెట్టుకున్నాడని అసలే తెలీదు.

మగ్గం సంగతి తెలీనోళ్లకు ఈడ నాలుగు మాటలు చెప్పాల. చీర అంచులో పువ్వో పిట్టో పడాలంటే మగ్గం నెత్తిన జకార్డు పెట్టె ఉండాల. దానికి అట్టల దండ ఒకటి వేలాడతాంటాది, అన్నీ దారంతో కుట్టి. కాలితో తొక్కినప్పుడల్లా ఒక అట్ట వచ్చి పెట్టె ముందర నిలబడతాది. బొక్క ఉన్న చోట నిలువునా ఉన్న పడుగు పోగు లేస్తాది, లేని చోట లేవదు. నాడె ఒకసారి అటు పోతాది, అడ్డంగా ఒక పోగు పడతాది, ఇంగొక అట్ట వస్తాది. ఒక అట్టకు ఒక పోగు, అంతే లెక్క. పిట్టకు ముక్కు యాడుండాదో తోక యాడుండాదో మగ్గానికి తెలీదు. ఆ ఆలోచనంతా అట్టలకు బొక్కలు కొట్టేవాడిది. మా ఊర్లో అట్టలు కొట్టేవాడు మా నాయన, ఓబులేసు.

ఒంటిమిట్టకు పోయే దోవలో మా వీధి. రాములోరి కల్యాణానికి నడిచిపోయే జనమంతా మా గడపల ముందర నుంచే పోయేవాళ్లు. తెల్లారితే వీధి పొడుగునా పడుగులు పరిచి గంజి పెట్టేవాళ్లు. ఆ పులిసిన గంజి వాసన ఇప్పటికీ యాడన్నా తగిలితే నాకు ఆకలి పుడతాది, ఎందుకంటే ఆ వాసన వెనకాలే మా అమ్మ కాల్చే జొన్నరొట్టెల వాసన వచ్చేది. మా జేజి, నాయన వాళ్లమ్మ, రాట్నం ముందర కూర్చోని కండెలు చుడతాండేది, నోరు మాత్రం వీధిలో ఎవురు పోయినా వాళ్ల ఏడు తరాలు చుట్టబెడతాండేది. నాయన మొగం కడుక్కొని, పడమటి గోడ కిటికీ కింద గోనెపట్ట పరుచుకొని కూర్చునేవాడు. ఇరవై అట్టలు కొట్టేదాకా రొట్టె ముట్టడు. రొట్టె చల్లారిపోతాదని అమ్మ గొణుగుతాంటే, "చల్లారనీలేమే, అట్ట చల్లారితే పనికిరాదు" అనేవాడు. అట్టకు చల్లారేదేముంటాదో ఆయనకే తెలియాల. కింద పరిచిన అట్టల్ని ఎవురన్నా దాటితే మాత్రం ఒప్పుకునేవాడు కాదు. పిల్లి దాటినా కోప్పడేవాడు. సుత్తె దెబ్బ టక్కు టక్కుమని పొద్దన్నంతా ఇంట్లో వినపడతాండేది. ఆ చప్పుడు ఆగితే జేజి లోపల్నుంచి, "ఏమాయ రా?" అని అరిచేది.

గ్రాఫు చదివేది నా పని. నాయన బొమ్మ గీసి, దాన్ని గళ్ల కాగితం మీదికి ఎర్ర సిరాతో ఎక్కించేవాడు. ఒక వరస గళ్లు ఒక అట్ట. నేను పలక చదివినట్ల చదివేదాన్ని: "రెండు కొట్టు, నాలుగు ఇడువు, ఒకటి కొట్టు, పదకొండు ఇడువు." ఆయన తల ఎత్తకుండా కొట్టుకుంటా పొయ్యేవాడు. నా గొంతు, ఆయన సుత్తె. బడికి పోకముందు గంట, వచ్చినాక రెండు గంటలు. విసుగు పుట్టి ఏడుపు వచ్చేది నాకు. ఇప్పుడు ఆ విసుగు ఒక్క పూట దొరికితే చాలనిపిస్తాది.

ఏడు చిలకల అంచు ఆయన సొంత బుద్ధితో చేసింది. అప్పటిదాకా ఎవురు చిలకల అంచు వేసినా ఒకే చిలక, దాన్నే చీర పొడుగునా తిప్పి తిప్పి వేసేవాళ్లు. నాయనకు అది నచ్చలేదు. "ఒకే చిలక ఎన్నిసార్లని నడుస్తాది పాపా? దానికి విసుగు రాదా?" అన్నాడు. పక్కింటి జామచెట్టు మీదికొచ్చే చిలకల్ని నెలలకొద్దీ చూసినాడు. ఒకటి కాయ కొరుకుతాది, ఒకటి వెనక్కి తిరిగి చూస్తాది, ఒకటి మెడ గీరుకుంటాది, అట్ల ఆరు. ఏడోది ఊరికే నిలబడి ఉంటాది, రెండు కాళ్ల మీద, నీటుగా. "ఇదే కష్టం. ఏ పనీ చేయకుండా నిలబడిన పిట్ట కుదిరితేనే పనితనం" అనేవాడు. చిలకల కాళ్లు అడ్డపోగు వెంబడి ఉంటాయి, ఒక్క పోగు లావు. అంటే ఒక కాలు మొత్తం ఒకే అట్టలో ఉంటాది.

ఆ ఏడో చిలక చదివే రోజు నా ఒళ్లో, గ్రాఫు కింద, గ్రంథాలయం నుంచి తెచ్చిన కథల పుస్తకం ఉండాది. మనుషులంతా చచ్చిపోయినాక యంత్రాలు వాటంతట అవే తిరుగుతాండే లోకం దాంట్లో. నాకు పన్నెండో పదమూడో. నాయన ఒక అట్ట కొట్టేలోపల నేను రెండు లైన్లు చదువుకోని, మళ్లా గ్రాఫులోకి వచ్చేదాన్ని. అట్ల ఒకసారి వచ్చేటప్పుడు కన్ను ఒక వరస కింద పడింది. నేను చూసుకోలేదు. మిగతా వరసలన్నీ సరిగ్గా చదివినా. నాయన కొట్టినాక వరసగా నంబర్లు వేసినాడు కాబట్టి నడుమ ఒకటి పోయిన సంగతి ఎవురికీ కనపడలేదు.

చీర కోసినాక కనపడింది. చిన్నాయన నేసినాడు దాన్ని. చీరలు కొనే షావుకారి వచ్చి అరుగు మీద కూర్చోని, పదిమంది ముందర అంచును ఎండకు పట్టి చూసినాడు. చిలక చిలకకూ తల ఊపినాడు. ఏడోదాని దగ్గర ఆగి, "ఏమప్పా ఓబులేసూ, దీని కాలొకటి యాడబాయ? పిల్లి తినిందా?" అన్నాడు. అరుగంతా నవ్వు. నాయన లేచి గ్రాఫు తెచ్చి చూసినాడు, వేలు పెట్టి ఒక్కొక్క వరసా దిగినాడు. నా తట్టు ఒకసారి చూసినాడు. ఒక్కసారే. "నేనే ఒక వరస దాటేసినానన్నా. ఒక్క అట్టే గదా, పొద్దు మునిగేలోపల కొట్టి నడుమ కుట్టిస్తా" అన్నాడు. షావుకారికి పెండ్లిళ్ల తొందర. "అంచులో చిలక కాలు ఎవురు లెక్కబెడతారప్పా" అని, దండ మూట కట్టించుకొని అప్పుడే బస్సెక్కించినాడు. వేరే ఊర్ల మగ్గాలకు దాన్ని చూసి ఇంగో దండ, ఆ దండను చూసి ఇంగోటి కొట్టినారు. అది తిరిగి మా ఇంటికి రాలేదు.

వచ్చిందల్లా పేరు. కుంటిచిలక ఓబులేసు. ముందు నవ్వులాటకు అన్నారు, తర్వాత అదే ఇంటిపేరు అయ్యింది. నా పెండ్లికి వచ్చిన మొగపెండ్లివాళ్లు కూడా "కుంటిచిలకోళ్ల ఇల్లు యాడ?" అని అడుక్కుంటానే వచ్చినారు. నాయన నవ్వి పందిట్లోకి పిలుచుకొచ్చినాడు. జీవితమంతా వేలకు వేల అట్టలు తప్పు లేకుండా కొట్టిన మనిషి, నేను మింగేసిన ఒక్క వరసకు ఆ పేరు మోసినాడు. నేను నోరు తెరిచి "నాదే తప్పు" అని ఏనాడూ చెప్పలేదు. భయం కొన్నాళ్లు, సిగ్గు కొన్నాళ్లు, తర్వాత ఇంగ ఇప్పుడెందుకులే అని. ఛీ, ఎంత పిరికిదాన్ని నేను!

నేను సైన్సు టీచరునై నందికొట్కూరులో శానా ఏండ్లు పనిచేసినా. కథలు రాయడం ఆడ మొదలుపెట్టినా. అన్నీ సైన్సు కథలే. మంచి పేరు తెచ్చిన కథ ఒకటి ఉండాది: భూమ్మీద మనిషన్నవాడు లేడు, ఒక షెడ్డులో మగ్గం మాత్రం నడుస్తాంటాది. నేసిన గుడ్డ వాకిట్లోంచి వీధిలోకి, వీధిలోంచి చేన్లలోకి పారతా పోతాది, ఒక్క తప్పు లేకుండా. మనిషి చేతిలో లేని నున్నదనం ఆ గుడ్డకు ఉంటాదని రాసినా. పాఠకులు ఉత్తరాలు రాసినారు. ఎండాకాలం సెలవల్లో ఊరికి పోయి నాయనకు చదివి వినిపించినా, మెచ్చుకుంటాడని. ఆయన ఆకులో సున్నం రాసుకుంటా అంతా విన్నాడు. విని, "బాగుండాది పాపా. అయితే నాకొకటి అర్థం కాలా. మనుషులు ల్యారంటివి గదా, గుడ్డలో తప్పు పడితే అది తప్పని ఎవురికి తెలుస్తాది?" అన్నాడు. "యంత్రానికి తప్పు పడదు నాయనా" అన్న్యా. "అట్లనా" అని ఆకు మడిచి నోట్లో పెట్టుకున్నాడు. నాకు కోపం వచ్చింది. మగ్గపాయనకు సైన్సు కథేం తెలుసులే అనుకున్నా.

పోయిన సంవత్సరం మా చెల్లెలి మనవరాలి పెండ్లికి చీరలు తీయడానికి రాయచోటి పోయినాం. అంగట్లో మెత్తటి మిషన్ చీరలు కుప్పలుగా పరిచినాడు. ఒకదాని అంచు మీద నా చెయ్యి ఆగిపోయింది. కాయ కొరికే చిలక. వెనక్కి తిరిగిన చిలక. మెడ గీరుకునే చిలక. వరసగా లెక్కబెట్టుకుంటా పోయినా, ఏడోదానికి ఒకటే కాలు. అంగడాయన గమనించి, "అది కుంటిచిలక అంచు మేడం, శానా పేరున్నది. ఏడోదానికి ఒంటి కాలే ఉండాల, అదే గుర్తు. రెండు కాళ్లుంటే డూప్లికేటు" అన్నాడు. "ఎవురు చేసినారప్పా ఈ డిజైను?" అంటే, "కంప్యూటర్ డిజైను మేడం, మనుషులు ఎవురు చేస్తారు?" అని నవ్వినాడు. మా చెల్లెలు నా చెయ్యి పట్టుకోని బయటికి తీసుకొచ్చింది, లేకుంటే ఆడ్నే ఏడ్చేదాన్ని.

నాయన అప్పటికే తమ్ముడి ఇంట్లో మంచాన ఉండాడు. చూపు మసక, లేచి కూర్చోవాలంటే ఇద్దరు పట్టాల. దాచుకోలేక చెప్పేసినా, చీర సంగతీ, ఆ రోజు వరస మింగిన సంగతీ, రెండూ ఒకేసారి. ఆయన నవ్వినాడు. "ఒళ్లో పుస్తకం పెట్టుకున్న్యావు గదా ఆ రోజు. నేను చూడలేదనుకుంటివా?" అన్నాడు. "చూసినోడివి నన్ను తిట్టొచ్చు గదా నాయనా!" అన్న్యా. "తిట్టింటే పుస్తకాలు చదివేది మానేసుందువు" అన్నాడు. కాసేపు ఎగపోసుకోని, నా చెయ్యి పట్టుకోని అడిగినాడు. ఆయన నన్ను ఏదన్నా కావాలని అడగడం అదొక్కసారే. "ఇంగా నేస్తాండారంటే యాడో ఒక చోట దండ ఉంటాది. పోయి చెప్పు పాపా. ఏడోదానికి కాలు పెట్టించు. నేను పోయేలోపల."

సరేనన్న్యా. ఏముంది, పోయి చెప్తే పెడతారు అనుకున్నా. కనుక్కొని కనుక్కొని కడప అవతల ఒక పవర్‌లూమ్ షెడ్డుకు పోయినా. షెడ్డు చూసేవాడు మస్తాన్, నలభై ఏండ్ల మనిషి. వాళ్ల నాయనా మగ్గపాయనే. నేను చెప్పిందంతా నిలబడి విన్నాడు, కుర్చీ తెచ్చి వేసినాడు, టీ తెప్పించినాడు. నా జన్మలో అంత చప్పుడు విన్లేదు, పన్నెండు మగ్గాలు ఒకేసారి కొట్టుకుంటాంటే మాట మాటకూ అరవాల. మనిషి మాత్రం మస్తానూ, ఇంగో ఆడమనిషీ, అంతే. అట్టల దండ యాడా లేదు. "ఇప్పుడు అట్టలు ల్యావమ్మా, ఫైలు. పైనుంచి వస్తాది, ఎవురు పంపుతారో మాకు తెలీదు, మేం తెరిచి మార్చేదానికి లేదు" అన్నాడు. "ఒక్క పోగు నాయనా. మా నాయన చావుబతుకుల్లో ఉండాడు" అన్న్యా. నా వయసుకు సిగ్గిడిచి చేతులు జోడించినా. ఆయన ఇబ్బంది పడిపోయి, "అట్ల చేయగాకమ్మా, ఉండు" అని ఒక మిషన్ దగ్గరికి పిలుచుకొని పోయినాడు.

ఏడో చిలక వచ్చేదాకా కాచుకున్నాం. కాలు పడాల్సిన చోట మస్తాన్ మిషన్ ఆపి, పడుగు పోగులు పుల్లతో ఎత్తి, చేత్తో ఒక జరీ పోగు దూర్చినాడు. ఎన్ని ఎత్తాలో, ఎన్ని వదలాలో నేనే చెప్పినా: "మూడు ఇడువు, ఎనిమిది ఎత్తు." ఆ తర్వాత గ్రాఫులో ఎన్నిసార్లు చూసుకున్నానో, ఆ వరస నాకు ఇప్పటికీ నోటికి వస్తాది, మర్చిపోయింటే బతికిపోయేదాన్ని. చిలక రెండు కాళ్ల మీద నిలబడింది! ఆహా, ఎంత నీటుగా నిలబడిందో! మస్తాన్ కూడా "భలే ఉండాదమ్మా" అన్నాడు. మీట నొక్కినాడు. మిషన్ రెండు పోగులు నేసి ఆగిపోయి ఎర్ర లైటు వేసింది. పైన ఒక కెమెరా ఉండాది, నేసిన గుడ్డను ఫైలుతో సరిచూస్తాంటాది, తేడా కనపడితే తప్పు అని ఆపేస్తాది. మళ్లా నొక్కినాడు, మళ్లా ఎర్ర లైటు. కెమెరాకు చెయ్యి అడ్డం పెట్టి నొక్కినాడు, అప్పుడూ అంతే. ఆ కాలు ఉన్నంతసేపు అది కదలదంట. "నేనేం చేయగలనమ్మా, ఇది నా మాట వినదు" అన్నాడు. కాసేపు అట్లనే నిలబడుకున్నాం ముగ్గురం, నేనూ ఆయనా ఆ లైటూ. కడాకు ఆయన సూదితో ఆ జరీ పోగు పీకి నా చేతిలో పెట్టినాడు. పచ్చ లైటు వచ్చింది. మిషన్ కుంటిచిలకను నేసుకుంటా పోయింది.

బస్సులో కూర్చోని ఆ పోగును పర్సులో పెట్టుకొని ఏడ్చినా. షావుకారికి ఒక మొగమన్నా ఉండేది. పదిమందిలో నవ్వినాడు గానీ, తప్పు తప్పని ఆయనకు తెలుసు. గట్టిగా కొట్లాడింటే ఆ పొద్దు ఆగేవాడేమో. ఇప్పుడు యాడికి పోయి, ఎవురి మొగం చూసి కొట్లాడాల? మస్తాన్ మంచోడు, ఆయన చేతిలో ఏమీ లేదు. ఫైలు పంపేవాడు ఇంకొకని దగ్గర తీసుకోనింటాడు. ఒకరోజు ఆ షెడ్డులో మస్తానూ ఉండడు, చీర కట్టేవాళ్లూ ఉండరు, ఆ చిలకలు మాత్రం దిగతానే ఉంటాయి, నేను పన్నెండేండ్ల పిల్లగా ఉండి ఒక మధ్యాన్నం మింగిన వరస లేకుండానే. నా కథలో తప్పు లేని గుడ్డ అని రాసినా గదా, ఎంత తెలీనిదాన్ని.

నాయన దగ్గరికి ఒట్టి చేతుల్తో పోలేకపోయినా. మస్తాన్ షెడ్డు చీరే ఒకటి కొనుక్కొని పోయినా. చూపు మసక గదా, కాలు ఉందో లేదో ఆయనకేం తెలుస్తాదిలే అనుకున్నా. "పెట్టినారు నాయనా, చూడు" అని అంచు ఆయన చేతుల్లో పెట్టినా. ఆయన అంచును కండ్ల దగ్గరికి తీసుకోలేదు. తిప్పి, వెనకపక్క మీద బొటనవేలు పెట్టినాడు. మగ్గపోళ్లు గుడ్డను చూసేది వెనకపక్కనే, నేను మగ్గపోళ్ల బిడ్డనై ఉండి ఆ సంగతి మర్చిపోయినా. వేలు మెల్లగా జరిగింది. కాయ కొరికేది, వెనక్కి తిరిగింది, మెడ గీరుకునేది, ఒక్కొక్కదాని మీదా ఆగి ఆగి పోయింది. ఏడోదాని దగ్గర ఆగింది. అక్కడే వెనక్కీ ముందుకూ తడిమింది, కిందికి తడిమింది, ఏమీ లేని చోట శానాసేపు ఉండిపోయింది.

"బాగుండాది పాపా" అన్నాడు. "రెండు కాళ్ల మీదా నిలబడుండాది."

చీర మడిచి దిండు పక్కన పెట్టించుకున్నాడు. తొమ్మిది రోజులకు పోయినాడు. అట్ట ఇప్పుడు నా బల్ల మీద ఉండాది, నూటా పద్నాలుగు తర్వాత. దాన్ని కుట్టే దండ ఈ భూమ్మీద యాడా లేదు. ఆ చిలకకు ఇంగో కాలు ఉండాల్సిందని ఒకరు చెప్పకుండానే తెలిసిన మనిషిని నేనొకదాన్నే మిగిలినా.